రెండు మిల్లీమీటర్లు

జెస్తఫోనీ ఊరి చివర, రైలు కట్ట కింద
బోందో షెడ్డు.
గోడ నిండా మేకులు, మేకుకో చక్రం.
పొద్దున్నే తలుపు తీస్తే
వెండి రంగు అల్లాయ్‌లు నాలుగు
అందరికంటే ముందు మేలుకుంటాయి.

లమారా వచ్చిన రోజు వాన.
ఆమె జిగులీ కుంటుకుంటూ లోపలికొచ్చింది,
వెనక సీటు మీద చీజు బిందెలు,
ఎడమ వెనక చక్రం అంచు
ఎవరో కొరికిన రొట్టెలా.
"చియాతురా దారిలో గుంత" అంది.
"గుంత కాదులే, బావి."

కావలసింది ఒక్కటే.
చూపు మాత్రం గోడ మీది నాలుగింటి దగ్గర ఆగింది.
"అవెంత?"
నాకు పంతొమ్మిదేళ్లు. ఆ నెలలో ఒక్క బేరం తెగలేదు.
"మీ బండికి అతికినట్టు సరిపోతాయి" అన్నాను
కొలవకుండానే.

నాలుగు బోల్టుల చక్రం, నాలుగు కన్నాల హబ్బు.
నాలుగూ నాలుగూ కలిస్తే చాలదా?
జాకీ ఎత్తాను.
మొదటి బోల్టు వేళ్లతోనే వెళ్లింది.
రెండోదీ వెళ్లింది. మూడోది కాస్త గునిసింది.
నాలుగోది
పక్కకి వాలి, మొండికేసి,
స్పానర్ మీద కాలేసి తొక్కితే
ఊఁ అంది.

ఒక్కటి బిగించేసరికే
బండి పెళ్లికి బయల్దేరినట్టుంది.
లమారా తలగుడ్డ చివరతో
చక్రం మీది నా వేలిముద్రలు తుడిచింది.

బోందో అప్పటిదాకా కిరసనాయిలులో బేరింగులు కడుగుతున్నాడు.
లేచి వచ్చి, వేలితో ఒక్కసారి తిప్పాడు.
అతను చూసింది చక్రాన్ని కాదు,
దానికీ రేకుకీ మధ్యనున్న సందుని.
కాస్త దగ్గర, కాస్త దూరం,
కాస్త దగ్గర, కాస్త దూరం.
"విప్పు" అన్నాడు.

వెర్నియర్ తెచ్చి చూపించాడు:
హబ్బు మీద ఎదురెదురు బోల్టుల నడుమ తొంభై ఎనిమిది,
ఏదో రెనో నుంచి ఊడదీసిన అల్లాయ్ మీద వంద.
రెండు మిల్లీమీటర్లు.
నా గోట్లో మట్టి అంతకంటే ఎక్కువుంటుంది.
"అసలు సరిపోనిది మంచిదిరా,
మొహం మీదే చెప్పేస్తుంది.
దాదాపు సరిపోయేదే కొంప ముంచుతుంది."

తర్వాత నాకెప్పుడూ చెప్పని సంగతి
ఆమెకు చెప్పాడు.
రికోతి కనుమ దిగుతున్నారట, తనూ బావమరిది ఓతియా.
ఒంటరి చక్రం ఒకటి పక్కనుంచి వాళ్లని దాటి,
మలుపు కూడా చక్కగా తిరిగి, ముందుకెళ్లిపోయింది.
ఎవడిదో పాపం, అని ఇద్దరూ పగలబడి నవ్వారు.
బండి ఎడమకి కూలబడేదాకా నవ్వుతూనే ఉన్నారు.
"తర్వాత?" అంది లమారా.
"తర్వాత ఓతియా నవ్వలేదు."
ఆమె ఇంకేమీ అడగలేదు.

షెడ్డు వెనక, కోళ్లు పడుకునే చోట
పాత జిగులీ ఇనప చక్రం దొరికింది.
ఆకుపచ్చ రంగు, సగం పెచ్చులూడి,
నడిమధ్య ఎండిన గుడ్డుసొన.
దానికి టైరు ఎక్కించి, గాలి కొట్టి,
తీగ బ్రష్షుతో హబ్బు తుప్పు గీకించాడు నాచేత
ఇనుము తెల్లబడేదాకా.
బోల్టులు నాలుగూ ముందు వేళ్లతో.
తర్వాత పైది, కిందది, కుడిది, ఎడమది,
ఎదురెదురుగా, కొంచెం కొంచెం.
"ఏ ఒక్కదాన్నీ ముందే బిగించేయకు.
మిగతావి అలుగుతాయి."

మూడు నల్లవి, ఒకటి ఆకుపచ్చ.
లమారా డబ్బు లెక్కపెట్టింది, గోడ వంక చూడకుండా.
"యాభై కిలోమీటర్లు నడిపి మళ్లీ రా" అన్నాడు బోందో.

శుక్రవారం వచ్చింది.
వస్తుందనుకోలేదు నేను.
స్పానర్ పెట్టాను. మొదటిది కదల్లేదు, రెండోది కదల్లేదు.
మూడోది
పావు చుట్టు తిరిగింది.
నేను బోందో వైపు చూశాను.
అతను బేరింగుల వైపు చూస్తున్నాడు.

ఆమె చీజు ముద్దొకటి బల్ల మీద పెట్టి,
ఎవరికో చెప్పకుండా వెళ్లిపోయింది.

ఆ రాత్రి నిచ్చెనేసి అల్లాయ్‌లు దించాను.
ఒక్కోదాన్నీ కొలిచి, వీపు మీద సుద్దతో రాశాను:
వంద. వంద. వంద.
నాలుగోదైనా తొంభై ఎనిమిదేమోనని
రెండుసార్లు కొలిచాను.